ఇంటికొచ్చి బెడ్ సోర్‌కి డ్రెస్సింగ్ చేసే నర్సింగ్ సర్వీసు, విజయవాడ: మా అనుభవం

ముందే చెప్పేస్తున్నా, ఐదుకి నాలుగున్నర ఇస్తాను. అందులో ఎక్కువ మార్కులు కట్టు కట్టినందుకు కాదు, కట్టు కట్టే ముందు ఆ నర్సు పుండుని చూసిన పద్ధతికి. బెడ్ సోర్ అంటే మంచం పట్టినవాళ్లకి ఒకేచోట ఒత్తిడి పడి వచ్చే పుండు.

కంపెనీల పేర్లు రాయడం లేదు. మేం రెండు ఏజెన్సీలని చూశాం, ఒకటి నచ్చలేదు, ఒకటి నచ్చింది. ఇవాళ బాగా చేసిన చోట ఆర్నెల్లకి స్టాఫ్ అంతా మారిపోవచ్చు. నర్సు ఏం చేస్తే పని తెలిసిన మనిషో మనకి తెలిస్తే ఏ ఊళ్లో ఉన్నవాళ్లైనా అడిగి, చూసి పెట్టుకోవచ్చు. అందుకే ఇంత వివరంగా రాస్తున్నాను.

మా అత్తయ్యకి 76 ఏళ్లు. బాత్రూంలో జారిపడి తుంటి ఎముక విరిగితే ఆపరేషన్ చేయించాం. ఇంటికి తెచ్చేనాటికే నడుం కింద, సరిగ్గా ఎముక పైకి పొడుచుకొచ్చినట్టు తగిలే చోట చర్మం కమిలి ఊదా రంగులో ఉంది. చర్మం పైకి బాగానే ఉన్నా అలాంటి రంగు కనపడిందంటే లోపల కండ అప్పటికే దెబ్బతిని ఉండొచ్చట, పుండు లోపల మొదలై తర్వాత పైకి తేలుతుందట. అచ్చంగా అలాగే అయింది. కొద్ది రోజులకే చర్మం ఊడి గుంట పడింది.

మొదట పెట్టుకున్న ఏజెన్సీ రోజూ ఒక అబ్బాయిని పంపేది. మర్యాదస్తుడే, టైముకి వచ్చేవాడు. వచ్చి పాత గాజు (కట్టుకి వాడే పల్చటి గుడ్డ) పీకేసి, హైడ్రోజన్ పెరాక్సైడ్ పోసి, నురగ పొంగాక తుడిచి, అయోడిన్ మందు రాసి, పొడి గాజు కుక్కి, పైన ప్లాస్టర్ వేసి పావుగంటలో వెళ్లిపోయేవాడు. ఎలా ఉందని అడిగితే "తగ్గుతోంది మేడం" అనేవాడు. ఎంత ఉండేది, ఎంతకి తగ్గింది అంటే జవాబు లేదు, ఎక్కడా రాసిందీ లేదు. గాజు ఎండి పుండుకి అతుక్కుపోయేది, లాగినప్పుడల్లా రక్తం వచ్చేది, అత్తయ్య దిండు పట్టుకుని బిగబట్టుకునేవారు. నర్సింగ్ చదివాడా అని ఏజెన్సీకి ఫోన్ చేసి అడిగితే "అనుభవం ఉందండీ" అన్నారు తప్ప కోర్సు పేరు చెప్పలేదు. నర్సింగ్ కోర్సుల్లో ఏఎన్‌ఎం అంటే రెండేళ్లు, జీఎన్‌ఎం అంటే మూడేళ్లు, బీఎస్సీ నర్సింగ్ అంటే నాలుగేళ్లు చదవాలి, చదివాక రాష్ట్ర నర్సింగ్ కౌన్సిల్లో రిజిస్టర్ అవ్వాలి. ఇంటికి పంపేవాళ్లలో అటెండర్లెవరో, నర్సులెవరో చెప్పకుండా అందరినీ సిస్టర్, బ్రదర్ అని పంపే ఏజెన్సీలు ఉన్నాయి, కాబట్టి అడగడానికి మొహమాటపడకండి.

ఇక రెండో సర్వీసు. జీఎన్‌ఎం చేసిన అమ్మాయి వచ్చింది, ముప్పై ఏళ్ల లోపే ఉంటుంది. మొదటి రోజు గంట పైగా ఉంది, అందులో సగం సేపు పుండు జోలికే పోలేదు. ముందు అత్తయ్య పక్కన కూర్చుని "మామ్మగారూ, నొప్పి ఎప్పుడు ఎక్కువ ఉంటుందండీ, కట్టు మార్చేటప్పుడా, మామూలుగానా?" అని అడిగింది. కట్టు మార్చేటప్పుడే అనగానే, డాక్టర్ రాసిచ్చిన నొప్పి బిళ్ల ఆ రోజు వేశారో లేదో కనుక్కుని, వేయించి, అది పనిచేసేదాకా అరగంట ఆగింది. ఆ అరగంటలో డిశ్చార్జ్ కాగితాలు చదివింది, షుగర్, హిమోగ్లోబిన్, ఆల్బుమిన్ (రక్తంలో ఉండే ప్రొటీన్) రిపోర్టులు చూసింది, ఏం తింటున్నారు, డైపర్ ఎన్నిసార్లు మారుస్తున్నారు, రాత్రి ఎటు తిరిగి పడుకుంటారు, తిప్పేది ఎవరు, ఇవన్నీ అడిగి రాసుకుంది. తర్వాత తల నుంచి కాళ్ల దాకా ఎముక ఒత్తుకునే చోట్లన్నీ వెతికింది: తల వెనక, భుజాలు, మోచేతులు, తుంటి రెండు వైపులా, మడమలు. మడమ మీద వేలితో నొక్కి వదిలింది. ఎర్రబడ్డ చోట నొక్కినప్పుడు తెల్లబడి మళ్లీ రంగు వస్తే ఫర్వాలేదు, రంగు మారకుండా అలాగే ఉంటే అది బెడ్ సోర్ మొదటి స్టేజ్ అన్నమాట. మనలాంటి చామనఛాయ, నలుపు ఒంటి మీద ఎరుపు సరిగ్గా కనపడదు, అందుకని ఆ చోటు చుట్టుపక్కల కంటే వెచ్చగా ఉందా, గట్టిగా ఉందా, మెత్తగా ఉందా అని చేత్తో తాకి చూడాలట. ఈ సంగతి అంతకుముందు ఎవరూ మాకు చెప్పలేదు.

బ్రేడన్ స్కేల్ అని ఒకటుంది, అమెరికాలో ఇద్దరు నర్సులు తయారు చేసింది. స్పర్శ తెలియడం, చెమ్మ, తిరగడం, కదలడం, తిండి, ఒంటికీ పరుపుకీ రాపిడి, ఈ ఆరింటికీ మార్కులు వేస్తారు. మొత్తం 23. పద్దెనిమిది గానీ అంతకంటే తక్కువ గానీ వస్తే బెడ్ సోర్ వచ్చే ప్రమాదం ఉన్నట్టు. అత్తయ్యకి 12 వచ్చింది.

అప్పుడు పుండు. తలుపు దగ్గరకేసి, కర్టెన్ వేసి, అత్తయ్యకి చెప్పి ఎడం పక్కకి తిప్పింది. ప్లాస్టర్‌ని ఒక చేత్తో చర్మం అదిమి పట్టుకుని మెల్లగా పక్కకి లాగుతూ తీసింది, ఎందుకంటే పెద్దవాళ్ల చర్మం ప్లాస్టర్‌తో పాటే ఊడొచ్చేస్తుంది. అతుక్కున్న గాజు మీద సెలైన్ పోసి నానేదాకా ఆగింది. అది దానంతట అదే వదిలింది, రక్తం చుక్క రాలేదు. తీసిన గాజుని పారేయకుండా ఎంత తడిసింది, ఏ రంగు అని చూసింది. సెలైన్‌తో కడిగాక అప్పుడు వాసన చూసింది. కట్టు విప్పగానే వచ్చే వాసనని బట్టి ఇన్ఫెక్షన్ అనుకోకూడదట, కడిగాక కూడా వస్తే ఆలోచించాలట.

తర్వాత కాగితం స్కేలు తీసి కొలిచింది. తల నుంచి పాదాల వైపు పొడవు 6 సెంటీమీటర్లు, అడ్డంగా నాలుగున్నర, శుభ్రమైన స్వాబ్ పుల్ల (దూది చుట్టిన పుల్ల) పెట్టి లోతు 2. ఆ పుల్లతోనే అంచుల కింద చుట్టూరా మెల్లగా తడిమింది. పుండుని గడియారంలా ఊహించుకుని తల వైపు పన్నెండు గంటలు, పాదాల వైపు ఆరు గంటలు అనుకోవాలట, మాకు రెండు నుంచి ఐదు గంటల మధ్య పైకి చర్మం కనపడుతున్నా లోపల ఒకటిన్నర సెంటీమీటర్ల దాకా బోలుగా ఉందని తేలింది. అంటే పైనుంచి చూస్తే కనిపించేదాని కంటే పుండు పెద్దది! అన్ని రోజులు "తగ్గుతోంది" అని విన్నది దీని గురించే. అడుగున ముప్పాతిక పైగా పసుపు పచ్చటి పొర, దాన్ని స్లఫ్ అంటారు, చచ్చిపోయిన కండ. చుట్టూ చర్మం నీళ్లలో ఎక్కువసేపు నానిన వేళ్లలా తెల్లగా ముడతలు పడి ఉంది, అంటే పుండులోంచి ఊరే రసిని కట్టు పీల్చుకోవడం లేదన్నమాట. ఇవన్నీ ఒక పుస్తకంలో రాసి, అత్తయ్య ఒప్పుకున్నాకే స్కేలు పక్కన పెట్టి ఫోటో తీసి, పుస్తకం మాకే ఇచ్చింది.

ఏ స్టేజ్ అని అడిగాను. "ఇప్పుడే చెప్పలేనండీ, ఆ పొర కింద ఎంత లోతుందో కనపడట్లేదు కదా" అంది. నాకు ఆ మాటతోనే నమ్మకం కుదిరింది. చర్మం చిట్లకుండా రంగు మారితే మొదటిది, పైపొర లేచిపోయి గులాబీ రంగులో లోతు లేకుండా ఉంటే లేదా నీటి బుడగ కడితే రెండోది, కొవ్వు దాకా పోతే మూడోది, కండరం, ఎముక దాకా పోతే నాలుగోది. అడుగు కనపడకపోతే స్టేజ్ వేయకూడదు.

ఆ పొరని కత్తిరించేయమంటే ఆమె ఒప్పుకోలేదు, అది తను చేసే పని కాదని, సర్జన్ చూడాలని చెప్పింది. ఫోటోలు, కొలతలు డాక్టర్‌కి పంపి, ఏం అడగాలో మాకు చెప్పి పంపించింది. ఆస్పత్రిలో శుభ్రం చేశాక మూడో స్టేజ్ అని తేలింది. ఇక్కడ ఒక మాట, నల్లగా గట్టిగా ఎండిన పెచ్చు మడమ మీద ఉండి, చుట్టూ వాపు, చీము ఏమీ లేకపోతే దాన్ని కదిలించకూడదు, అది మూతలా కాపాడుతుంది. కాబట్టి చచ్చిన కండ కనపడితే చాలు తీసేయాలని కూడా లేదు.

హైడ్రోజన్ పెరాక్సైడ్ ఆ రోజుతో మానేశాం. నురగ చూస్తే మురికంతా పోతున్నట్టే ఉంటుంది కానీ అది కొత్తగా వచ్చే కణాలని కూడా చంపుతుంది. మామూలు సెలైన్ చాలు. గుంటలోకి ఆల్జినేట్ అని సముద్రపు నాచుతో చేసే మెత్తటి పట్టీ వదులుగా పెట్టేది, అది రసి పీల్చుకుని జెల్లులా మారుతుంది. కుక్కకూడదు, కుక్కితే అదే మళ్లీ ఒత్తిడి. పైన సిలికాన్ అంచున్న ఫోమ్ (స్పాంజిలాంటి పట్టీ), చుట్టూ చర్మానికి జింక్ ఆక్సైడ్ క్రీమ్. మన ఇళ్లలో పుండు ఎండాలి, గాలి తగలాలి అంటాం. కానీ పుండు లోపల కాస్త చెమ్మగా ఉంటేనే కొత్త చర్మం త్వరగా అల్లుకుంటుందని 1962లోనే జార్జ్ వింటర్ అనే ఆయన పందుల మీద చేసిన ప్రయోగంలో చూపించాడు. ఇప్పటికీ మన దగ్గర చాలాచోట్ల పొడి గాజే.

ఫోమ్ ఖరీదు చూసి మా ఆయన గుండె జారింది. ఒక్కోటి వందల్లో ఉంటుంది. కానీ గాజు రోజూ మార్చాలి, దీన్ని తడిసేదాన్ని బట్టి రెండు మూడు రోజులకోసారి మారిస్తే సరిపోయింది. విజిట్‌కి 700 తీసుకునేవాళ్లు. విజిట్లు తగ్గేసరికి మొత్తం మీద ఖర్చు పెరగలేదు. అత్తయ్యకి రోజూ ఆ బాధ తప్పింది, అది వేరే లెక్క.

ఇంత డ్రెస్సింగ్ గురించి రాశాను కానీ, ఆ అమ్మాయి మొదటి రోజే చెప్పింది, ఆ చోటు మీద బరువు పడటం ఆపకపోతే ఎంత ఖరీదైన పట్టీ వేసినా దండగేనని. రెండు గంటలకోసారి తిప్పాలి. పూర్తిగా పక్కకి కాదు, అలా పడుకోబెడితే తుంటి ఎముక మీద బరువు పడి అక్కడ ఇంకో పుండు మొదలవుతుంది, పైగా ఆపరేషన్ అయిన తుంటి. వీపు వెనక దిండు పెట్టి 30 డిగ్రీలు వాలిస్తే చాలు. పిక్కల కింద దిండు పెట్టి మడమలు పరుపుకి తగలకుండా తేలేలా ఉంచాలి. తల వైపు కూడా 30 డిగ్రీలకి మించి ఎత్తకూడదు, ఎత్తితే మనిషి కిందకి జారుతూ లోపలి కండ రాపిడికి చిరుగుతుంది. అన్నం పెట్టేటప్పుడు ఎత్తి, తిన్నాక కొంతసేపు ఆగి దించేవాళ్లం. మంచం మీద లాగకుండా ఒంటి కింద మడత దుప్పటి వేసి ఇద్దరం చెరో వైపు పట్టుకుని ఎత్తడం చేతులు పట్టి నేర్పింది. గోడ మీద చార్ట్ అతికించి టైము, ఎటు తిప్పాం, ఎవరు తిప్పారు అని రాయమంది. రాత్రి పన్నెండు తర్వాత గడులు ఖాళీగా ఉంటే మా ఆయన్ని మెత్తగా నిలదీసేది.

ఎయిర్ బెడ్, అంటే మోటారుతో గాలి నింపే పరుపు, అప్పటికే కొన్నాం. మోటారు ఆన్‌లో ఉంది కదా అని మేం అనుకున్నాం. ఆమె పరుపు కింద, నడుం ఉన్న చోట అరచేయి పెట్టి చూసి, ఎముక చేతికి తగులుతోందంటే గాలి చాలట్లేదని ప్రెషర్ పెంచింది. దాని మీద వేసిన రెండు బొంతలూ రబ్బరు షీటూ తీయించింది, అన్ని పొరలుంటే ఎయిర్ బెడ్ ఉండీ లేనట్టే. కరెంటు పోతే గాలి దిగిపోతుంది కాబట్టి మోటారు ప్లగ్గు ఇన్వర్టర్ లైనుకి మార్పించింది, వేసవిలో దాని విలువ తెలిసింది. మా ఆడపడుచు ప్రేమగా తెచ్చిన గుండ్రటి గాలి ట్యూబ్ కూడా వద్దంది. మధ్యలో ఖాళీ ఉంటుంది, పుండుకి ఒత్తిడి తగలదు అనుకుంటాం కానీ, ఆ రింగు చుట్టూ నొక్కేసి మధ్యకి రక్తం సరిగ్గా అందనివ్వదు. ఎర్రబడ్డ చోట నూనె పెట్టి రుద్దడం కూడా చేయకూడదు.

తిండి దగ్గర మాత్రం ఇంట్లో పెద్ద గొడవే అయింది. పప్పు తింటే చీము పడుతుందని, గుడ్డు వేడి అని, వంకాయ, గోంగూర సరే సరి, చూడటానికొచ్చిన ప్రతి ఒక్కరూ పత్యం చెప్పి వెళ్లేవాళ్లు. అత్తయ్య చారు అన్నం, మజ్జిగ అన్నం తప్ప ముట్టుకునేవారు కాదు. సిస్టర్ వాదించలేదు. "మామ్మగారూ, చీము వచ్చేది సూక్ష్మక్రిముల వల్లండీ, పప్పు వల్ల కాదు. పప్పూ గుడ్డూ మానేస్తే ఆ గుంటలో కొత్త కండ దేంతో పూడుతుంది చెప్పండి" అంది. ఇలాంటి పుండున్నవాళ్లకి ఒంటి బరువు కిలోకి రోజుకి ఒకటింబావు నుంచి ఒకటిన్నర గ్రాముల ప్రొటీన్ కావాలట. అత్తయ్య 50 కిలోలు, అంటే 62 నుంచి 75 గ్రాములు. గుడ్డులో ఉండేది ఆరు గ్రాములే, చారు అన్నంతో ఎక్కడికి చేరుతాం? కిడ్నీ జబ్బున్నవాళ్లు మాత్రం డాక్టర్‌ని అడిగే పెంచాలని కూడా చెప్పింది. గట్టి పప్పు, రెండు గుడ్లు, పెరుగు, పాలు, సాయంత్రం వేయించిన పల్లీల పొడి కలిపిన జావ, ఇలా సర్దుకున్నాం.

కొలతలు రాయడం ఎందుకో ఒక వారం బాగా అర్థమైంది. వారానికోసారి, అదే పక్కకి తిప్పి, అదే పద్ధతిలో కొలిచేది. వరసగా తగ్గుతున్న అంకె ఒక వారం ఆగిపోయింది. ఫోమ్ రోజుకే తడిసిపోతోంది, కడిగాక కూడా వాసన, అంచు వెచ్చగా ఉంది. జ్వరం లేదు. కానీ అత్తయ్య మాట తగ్గి మగతగా ఉన్నారు, సగం ముద్దలు వదిలేస్తున్నారు. పెద్దవాళ్లలో ఇన్ఫెక్షన్ జ్వరంతోనే రావాలని లేదని, ఆ రోజే డాక్టర్‌తో మాట్లాడించింది. పరీక్షకి శాంపిల్ తీసినప్పుడు పైన ఉన్న చీముని స్వాబ్‌కి అద్ది తీయలేదు. ముందు సెలైన్‌తో కడిగి, శుభ్రంగా కనిపించే కండ మీద స్వాబ్‌ని నొక్కి తిప్పి తీసింది. పైపైన తీస్తే ఏ పుండు మీదైనా ఉండే క్రిములే వస్తాయి, దానికి మందు వాడితే దండగ. యాంటీబయాటిక్ డాక్టర్ లోపలికి ఇచ్చారు. పుండు మీద పొడి చల్లే అలవాటు మన మెడికల్ షాపుల దగ్గర బాగా ఉంది, ఈమె ఒక్కసారి కూడా చల్లలేదు.

డల్లాస్‌లో ఉన్న మా మరిది రోజూ "అమ్మకి ఎలా ఉంది వదినా" అని టెన్షన్ పడేవాడు, వీడియో కాల్‌లో పుండు చూపించమనేవాడు. అత్తయ్యకి అది ఇష్టం లేదు. పుస్తకంలో పేజీ ఫోటో తీసి పంపడం మొదలుపెట్టాక ఆ అడగడం మానేశాడు, అంకెలు చూసి అతనే అర్థం చేసుకునేవాడు.

అర మార్కు ఎందుకు కోశానంటే, ఆదివారాలు. ఆమెకి సెలవైన రోజు వేరే నర్సుని పంపేవాళ్లు, పుస్తకం తెరవకుండానే పని మొదలుపెట్టిన ఒకామె ఆల్జినేట్‌ని గట్టిగా కుక్కబోతే నేనే ఆపాల్సి వచ్చింది. ఇంత బాగా రాసే పద్ధతి పెట్టుకుని, వచ్చే ప్రతి మనిషితో దాన్ని చదివించకపోతే ఎలా? ఆఫీసుకి ఫోన్ చేస్తే సారీ చెప్పి ఆమెని మార్చారు, అది బాగుంది. సామాన్లు కూడా వాళ్ల దగ్గర తీసుకుంటే ఎమ్మార్పీకి పైసా తగ్గించరు, అదే ఫోమ్ బయట సర్జికల్ షాపులో తక్కువకి దొరికింది, బయట కొనుక్కుంటామంటే మాత్రం అభ్యంతరం పెట్టలేదు. రాత్రి ఎనిమిది తర్వాత ఫోన్ ఎత్తరు.

ఇప్పుడు గుంట పూడింది, పైన పల్చటి చర్మం అల్లుకుంది. విజిట్లు మేం అడగకుండానే ఆమే తగ్గించింది. మానిన చోట చర్మానికి పాత బలం పూర్తిగా రాదు, మహా అయితే ఎనభై శాతం, అందుకని తిప్పడం, చార్ట్, ఎయిర్ బెడ్ అన్నీ అలాగే నడుస్తున్నాయి. అత్తయ్య వాకర్ పట్టుకుని హాల్లోకి వచ్చి కుర్చీలో కూర్చుంటున్నారు. కుర్చీలో కూడా ఒకే భంగిమలో ఉండనివ్వకుండా మధ్యమధ్యలో లేపి నిలబెట్టమంది.

మీరు ఏ సర్వీసుకి ఫోన్ చేసినా వచ్చేవాళ్ల కోర్సు, కౌన్సిల్ రిజిస్ట్రేషన్ అడగండి, పుండు కొలిచి రాస్తారా అని అడగండి, ఆదివారం ఎవరొస్తారో అడగండి. మేం పెట్టుకున్నవాళ్లు పటమట, బెంజ్ సర్కిల్, కృష్ణలంక వైపు వస్తారు, పోరంకి దాటితే రారు. పొద్దున స్లాట్లు ముందురోజు సాయంత్రానికే అయిపోతాయి, కాబట్టి మధ్యాహ్నం లోపే ఫోన్ చేసి బుక్ చేసుకోవాలి.